నళినీ మలానీ వీడియో నాటకాలు: ప్రేక్షకుడు నిలబడే చోటు

7.0 ఉద్దేశాలు

ఈ పాఠం చదివిన తరువాత మీరు:
• ప్రదర్శన, వీడియో, ఇన్‌స్టలేషన్ అనే మూడు మాధ్యమాలు ఒకే కళాకృతిలో ఎలా పనిచేస్తాయో వివరించగలుగుతారు.
• నళినీ మలానీ చిత్రలేఖనం నుంచి వీడియో నాటకం వైపు రావడానికి గల కారణాలను చర్చించగలుగుతారు.
• ఆమె కృతుల బలాన్ని, పరిమితులను తూచి సొంత అభిప్రాయం రాయగలుగుతారు.

7.1 ఉపోద్ఘాతం

గోడకు తగిలించిన చిత్రానికి చట్రం ఉంటుంది. మనం దాని ముందు నిలబడి చూస్తాం. చిత్రంలో ఎంత ఘోరం జరుగుతున్నా చూసేవాడికి ఒక భద్రత ఉంటుంది. బొమ్మ అక్కడ, మనం ఇక్కడ. ఇష్టం లేకపోతే పక్క బొమ్మ దగ్గరికి వెళ్లిపోవచ్చు.

నళినీ మలానీ చిత్రకారిణిగా జీవితం ప్రారంభించి, నాటకరంగంతో కలిసి పనిచేసి, వీడియో ఇన్‌స్టలేషన్‌ల ద్వారా ప్రపంచ ప్రసిద్ధి పొందారు. ఆమె గురించి రాసే వ్యాసాలలో ‘బహుమాధ్యమ కళాకారిణి’, ‘ప్రయోగశీలి’ అనే మాటలు తరచుగా కనిపిస్తాయి. ఈ మాటలు తప్పు కాదు, కానీ వాటి వల్ల మనకు పెద్దగా తెలిసేది లేదు. ఒకరు నాలుగు మాధ్యమాలలో పనిచేసినంత మాత్రాన గొప్ప కళాకారులు కారు. మాధ్యమం ఎందుకు మారింది, మారినందువల్ల ఏం సాధ్యమైంది అని అడగడం విమర్శకుడి పని.

ఈ పాఠంలో నేను ప్రతిపాదించే అభిప్రాయం ఇది: మలానీ మాధ్యమాలను మార్చింది కొత్తదనం కోసం కాదు. పైన చెప్పిన ప్రేక్షకుడి భద్రతను తీసివేయడానికి ఆమె మాధ్యమం మార్చారు. ఈ ఉద్దేశం నెరవేరిన చోట ఆమె కృతులు చాలా బలంగా ఉంటాయి. నెరవేరని చోట అవి అందమైన దృశ్యాల పోగుగా మిగిలిపోయే ప్రమాదం ఉంది. ఈ రెండు పార్శ్వాలనూ ఉదాహరణలతో పరిశీలిద్దాం.

ముందుగా మూడు పారిభాషిక పదాలు. ప్రదర్శన కళలో కళాకారుడి శరీరమే సాధనం. ఆ చర్య ముగియగానే కృతి కూడా ముగుస్తుంది. వీడియో కళలో కదిలే బొమ్మ, శబ్దం, కాలవ్యవధి సాధనాలు. దానిని మళ్లీ మళ్లీ చూపవచ్చు. ఇన్‌స్టలేషన్‌లో ఒక స్థలం మొత్తం కృతి అవుతుంది. ప్రేక్షకుడు దాని ఎదుట కాకుండా దాని లోపల ఉంటాడు. మలానీ ఈ మూడింటినీ కలిపి చేసిన రచనలకు ‘వీడియో నాటకం’ అనే పేరు వాడారు. నాటకం అన్నప్పుడు నటులు, రంగస్థలం, ప్రేక్షకులు ఉండాలి కదా. ఆమె గదులలో వీరు ఎవరెవరో గుర్తించడమే ఈ పాఠంలో మనం చేయవలసిన పని.

7.2 కళాకారిణి నేపథ్యం

నళినీ మలానీ 1946లో కరాచీలో జన్మించారు. మరుసటి సంవత్సరమే దేశ విభజన జరిగింది. కుటుంబం కాందిశీకులుగా మొదట కలకత్తాకు, కొన్నేళ్ల తరువాత బొంబాయికి చేరింది. విభజన నాటి దృశ్యాలు ఆమెకు స్వయంగా గుర్తుండే అవకాశం లేదు. ఇంట్లో పెద్దల మాటల ద్వారా, వారి మౌనం ద్వారా అందిన జ్ఞాపకం అది. తాను చూడని దానిని ఎలా జ్ఞాపకం చేసుకోవాలి అనే ప్రశ్న ఆమె కళలో పదే పదే రావడానికి ఇది ఒక ముఖ్య కారణం.

బొంబాయిలోని సర్ జె.జె. కళాశాలలో చిత్రలేఖనం అభ్యసించి 1969లో డిప్లొమా పొందారు. అదే కాలంలో చిత్రకారుడు అక్బర్ పదంసీ బొంబాయిలో ‘విజన్ ఎక్స్ఛేంజ్ వర్క్‌షాప్’ అనే ప్రయోగశాలను నడిపారు. చిత్రకారులు, సినిమావాళ్లు కలిసి పనిచేసే ఆ చోట మలానీ కెమెరా పట్టి చిన్న చిన్న చిత్రాలు తీశారు. వాటిలో ‘డ్రీమ్ హౌసెస్’ (1969) ఒకటి. కొత్త దేశంలో కొత్త ఇళ్ల గురించిన ఆశ అందులో రంగుల్లో కనిపిస్తుంది. 1976లో ఆమె దానికి తోడుగా ఒక నలుపు-తెలుపు చిత్రాన్ని చేర్చారు. అందులో ఒక యువతి నగరాన్ని చూస్తూ నిలబడి ఉంటుంది. ఈ రెంటినీ పక్కపక్కన చూపే కృతి పేరు ‘యుటోపియా’. ఆశకూ నిరాశకూ మధ్య ఉన్న ఆ ఏడేళ్ల దూరాన్ని ఎవరూ మాటల్లో చెప్పరు. రెండు తెరల మధ్య నిలబడిన ప్రేక్షకుడు దానిని తానే పూరించుకోవాలి. ఇరవై ఏళ్ల తరువాత ఆమె చేయబోయే పనికి బీజం ఇక్కడే పడిందని చెప్పవచ్చు.

1970 నుంచి 1972 వరకు ఫ్రెంచి ప్రభుత్వ ఉపకార వేతనంతో పారిస్‌లో ఉండి తిరిగి వచ్చిన తరువాత ఆమె ప్రధానంగా చిత్రలేఖనమే చేశారు. 1980ల చివర అర్పితా సింగ్, మాధవీ పారేఖ్, నీలిమా షేక్‌లతో కలిసి ‘త్రూ ద లుకింగ్ గ్లాస్’ అనే ప్రదర్శనను పలు నగరాలలో ఏర్పాటు చేశారు. నలుగురు మహిళా చిత్రకారులు తమంతట తాము పూనుకొని చేసిన ప్రదర్శనగా దానికి చరిత్రలో స్థానం ఉంది.

7.3 చెరిపివేయడానికే గీసిన బొమ్మ

1992లో బొంబాయిలోని చెమౌల్డ్ గ్యాలరీలో మలానీ ‘సిటీ ఆఫ్ డిజైర్స్’ అనే కృతి చేశారు. కాన్వాసులు తగిలించడానికి బదులు నేరుగా గ్యాలరీ గోడల మీదే బొమ్మలు గీశారు. ప్రదర్శన ముగిశాక వాటిపై సున్నం కొట్టించారు. రాజస్థాన్‌లోని నాథ్‌ద్వారాలో పాత కుడ్యచిత్రాలు నిర్లక్ష్యం వల్ల పాడైపోతున్న తీరుపై ఆమె నిరసన ఇది.

ఇక్కడ విద్యార్థులు రెండు విషయాలు గమనించాలి. మొదటిది, అమ్మకానికి వస్తువు మిగలలేదు. గ్యాలరీ అనేది బొమ్మలు కొనే చోటు. ఆ చోటనే కొనడానికి వీల్లేని బొమ్మ గీయడంలో ఒక తిరస్కారం ఉంది. రెండవది, చెరపడం కూడా కృతిలో భాగమైంది. గీయడం, నిలవడం, చెరిగిపోవడం అనే మూడు దశలు వచ్చేసరికి బొమ్మ ఒక సంఘటనగా మారింది. అంటే చిత్రలేఖనం ప్రదర్శన కళ గుణాన్ని సంతరించుకుంది.

మరుసటి ఏడాది, 1993లో, బొంబాయి మాక్స్‌ముల్లర్ భవన్‌లో నటి అలకనందా సమర్థ్‌తో కలిసి ‘మెడియా’ ప్రాజెక్టు చేశారు. జర్మన్ నాటకకర్త హైనర్ ముల్లర్ రచన దీనికి ఆధారం. నాటకానికి వెనుక తెర వేసే పని కాదు మలానీ చేసింది. నటి సంచరించే స్థలమంతటినీ ఆమె చిత్రంగా రూపొందించారు. 1992 డిసెంబరులో బాబ్రీ మసీదు కూల్చివేత, తరువాత బొంబాయి అల్లర్లు జరిగిన కాలం అది. పగ, ద్రోహం, సొంత బిడ్డల హత్య ఇతివృత్తంగా గల గ్రీకు కథ ఆనాటి బొంబాయి ప్రేక్షకులకు దూరపు కథగా తోచి ఉండదు.

మీ ప్రగతిని సరిచూసుకోండి – 1
‘సిటీ ఆఫ్ డిజైర్స్’ను చిత్రలేఖనం అనాలా, ప్రదర్శన అనాలా? మీ సమాధానానికి కారణాలు ఐదు వాక్యాలలో రాయండి.

7.4 ‘రిమెంబరింగ్ టోబా టేక్ సింగ్’ – విశ్లేషణ

1998 మే నెలలో భారతదేశం పోఖ్రాన్‌లో అణుపరీక్షలు జరిపింది. అదే నెల చివరలో పాకిస్తాన్ తన పరీక్షలు జరిపింది. రెండు దేశాల్లోనూ వీధుల్లో మిఠాయిలు పంచుకున్నారు. మలానీ దీనికి స్పందనగా ‘రిమెంబరింగ్ టోబా టేక్ సింగ్’ అనే వీడియో నాటకాన్ని రూపొందించి బొంబాయిలోని ప్రిన్స్ ఆఫ్ వేల్స్ మ్యూజియంలో ప్రదర్శించారు. ఈ మ్యూజియానికి వచ్చేవారు ఎక్కువగా ఆధునిక కళ కోసం వచ్చేవారు కారు. పిల్లలను వెంటబెట్టుకుని పాత శిల్పాలు చూడవచ్చే మామూలు జనం. స్థలాన్ని ఎంచుకోవడంలోనే ఎవరితో మాట్లాడాలో ఆమె నిర్ణయించుకున్నారు.

పేరు సాదత్ హసన్ మంటో ఉర్దూ కథ నుంచి వచ్చింది. మంటో కథలు తెలుగులోకి అనువాదమయ్యాయి కనుక మీలో కొందరు చదివే ఉంటారు. విభజన జరిగిన రెండు మూడేళ్లకు రెండు ప్రభుత్వాలు పిచ్చాసుపత్రుల్లోని రోగులను కూడా మతాన్ని బట్టి మార్పిడి చేసుకోవాలని నిశ్చయిస్తాయి. లాహోర్ ఆసుపత్రిలో ఉన్న బిషన్ సింగ్ తన ఊరు టోబా టేక్ సింగ్ ఏ దేశంలో ఉందని అడుగుతూనే ఉంటాడు. ఎవరూ సరిగా చెప్పలేరు. చివరికి సరిహద్దు దగ్గర, ఏ దేశానికీ చెందని నేల మీద అతడు పడిపోతాడు.

మలానీ ఈ కథను దృశ్యాలుగా మార్చలేదు. బిషన్ సింగ్ వేషం ఎవరూ వేయలేదు. ఆమె గదిలో ఉన్నవి ఇవి: నాలుగు పెద్ద ప్రొజెక్షన్లు, పన్నెండు ట్రంకు పెట్టెలు. పెట్టెలలో బొంతలతో పాటు చిన్న టీవీ తెరలు ఉంటాయి. ఆ తెరల మీద ఇల్లు వదిలి పోయే జనం కనిపిస్తారు. మరో గోడ మీద అణు విస్ఫోటనాల పాత చిత్రాలు. ఎదురెదురు గోడల మీద ఇద్దరు స్త్రీలు. ఒకరు ఇటువైపు, ఒకరు అటువైపు. ఇద్దరూ కలిసి ఒక చీరను మడతపెట్టాలని ప్రయత్నిస్తుంటారు. గోడల మధ్య దూరం వల్ల అది కుదరదు.

ఒక్కొక్క అంశాన్ని విడిగా చూద్దాం. ట్రంకు పెట్టె మనకు తెలిసిన వస్తువు. హాస్టలుకు వెళ్లే విద్యార్థి, బదిలీ అయిన ఉద్యోగి, అత్తవారింటికి వెళ్లే పెళ్లికూతురు అందరూ రేకు పెట్టె మోసుకు వెళ్లినవారే. వెళ్లినవారు తిరిగి వస్తారనే భరోసా ఆ ప్రయాణాలలో ఉంటుంది. కాందిశీకుడి పెట్టెలో ఆ భరోసా లేదు. ఆ పెట్టెలోని తెరను చూడాలంటే మనం వంగాలి. వంగి, ఒకరి సామాను లోపలికి తొంగి చూస్తున్నామన్న ఇబ్బంది మనకు కలుగుతుంది. గోడ మీది బొమ్మ ఈ ఇబ్బంది కలిగించలేదు.

ఇక చీర. ఆరు గజాల చీరను ఒక్కరే మడతపెట్టడం కష్టం. ఇద్దరు చెరో కొస పట్టుకుని దూరంగా జరిగి, మళ్లీ దగ్గరకు వచ్చి కొసలు కలుపుతారు. అమ్మా కూతురు, అక్కా చెల్లెలు, ఇరుగూ పొరుగూ చేసే పని ఇది. ఇందులో మాట అక్కరలేదు, చేతుల పొందిక చాలు. మలానీ ఆ పొందికను సరిహద్దుకు అటూ ఇటూ ఉంచారు. దగ్గరకు వచ్చే అడుగు పడక చీర మడత పూర్తి కాలేదు. విభజన గురించి రాసిన ఎన్నో పుటలు చెప్పే విషయాన్ని ఈ చర్య చెబుతుంది. పైగా దీనిని అర్థం చేసుకోవడానికి మంటో కథ చదివి ఉండనవసరం లేదు.

ఇప్పుడు అసలు ప్రశ్న. ఈ గదిలో ప్రేక్షకుడు ఎక్కడ నిలబడ్డాడు? ఇద్దరు స్త్రీల మధ్య ఖాళీలో నిలబడ్డాడు. ఒకరిని చూస్తే రెండవవారికి వీపు చూపాలి. అది ఏ దేశానిదీ కాని నేల. మంటో కథలో బిషన్ సింగ్ పడిపోయిన చోటు అదే. గదిలో బిషన్ సింగ్ పాత్ర లేకపోవడానికి కారణం ఇదేనని నా అభిప్రాయం. ఆ పాత్ర స్థానంలో మనల్ని నిలబెట్టారు. వీడియో నాటకంలో నటుడు ఎవరనే ప్రశ్నకు ఇక్కడ సమాధానం దొరుకుతుంది.

అణు విస్ఫోటనం వెలుగు గది మొత్తాన్ని నింపినప్పుడు అది అందరి మీదా పడుతుంది. స్త్రీల మీదా, పెట్టెల మీదా, మన మీదా. వార్తాపత్రికలో పోఖ్రాన్ చిత్రం చూసి గర్వపడినవాడు కూడా ఈ గదిలో ఆ వెలుగుకు బయట ఉండలేడు. కృతి వాదించదు, నినాదం ఇవ్వదు. నిలబడే చోటును మార్చి ఊరుకుంటుంది.

7.5 నీడలు, తిరిగే బొమ్మలు

‘హామ్లెట్ మెషిన్’ (2000) కూడా హైనర్ ముల్లర్ రచన ఆధారంగా చేసిన వీడియో నాటకమే. జపాన్‌లోని ఫుకువోకాలో ఉన్న కాలంలో ఒక బుతో నర్తకుడితో కలిసి మలానీ దీనిని రూపొందించారు. నర్తకుడి శరీరం మీదే బొమ్మలను ప్రసరింపజేసి చిత్రీకరించారు. చూపేటప్పుడు నేల మీద పరచిన ఉప్పు కూడా ఒక తెర అవుతుంది. ఉప్పు అనగానే భారతీయ ప్రేక్షకుడికి 1930 నాటి దండి యాత్ర గుర్తుకు వస్తుంది. శరీరం, ఉప్పు అనే రెండు తెరల వల్ల ప్రదర్శనకూ వీడియోకూ మధ్య గీత చెరిగిపోతుంది.

2012లో జర్మనీలోని కాసెల్ నగరంలో జరిగిన పదమూడవ డాక్యుమెంటా ప్రదర్శనలో ‘ఇన్ సెర్చ్ ఆఫ్ వానిష్డ్ బ్లడ్’ చూపారు. ఐదు పారదర్శకమైన మైలార్ గొట్టాలు పైనుంచి వేలాడుతూ నెమ్మదిగా తిరుగుతుంటాయి. వాటి మీద లోపలి వైపు నుంచి బొమ్మలు వేశారు. వెనుక నుంచి వేసే ఈ పద్ధతిని ఆమె చిత్రకారుడు భూపేన్ ఖాఖర్ దగ్గర నేర్చుకున్నారు. ఆరు ప్రొజెక్టర్ల వెలుగు ఆ గొట్టాల గుండా వెళ్లి గోడల మీద వీడియోనూ, బొమ్మల నీడలనూ కలిపి చూపుతుంది. గదిలోకి వెళ్లినవారి నీడ కూడా వాటిలో కలుస్తుంది.

ఈ కృతి పేరు ఫైజ్ అహ్మద్ ఫైజ్ ఉర్దూ కవితకు ఆగా షాహిద్ అలీ చేసిన ఆంగ్లానువాదం నుంచి వచ్చింది. మహాశ్వేతాదేవి బెంగాలీ కథ ‘ద్రౌపది’ దీనికి మరొక ఆధారం. నిర్బంధంలో అత్యాచారానికి గురై కూడా తలవంచని ఆదివాసీ స్త్రీ కథ అది. గ్రీకు పురాణంలోని కసాండ్రా ప్రస్తావన కూడా ఉంది. నిజం చెప్పినా ఎవరూ నమ్మని స్త్రీ కసాండ్రా. స్త్రీ శరీరం మీద జరిగే హింసకు చరిత్రలో రక్తపు మరక కూడా మిగలడం లేదన్నది కృతి సారాంశం. నీడ ఇక్కడ సరైన రూపమే. నీడకు ఆకారం ఉంటుంది, కానీ పట్టుకోవడానికి ఏమీ ఉండదు.

7.6 పరిమితులు: ఒక చర్చ

మలానీకి లభించిన గౌరవాలు చిన్నవి కావు. 2013లో ఫుకువోకా బహుమతి, 2019లో జోన్ మిరో బహుమతి, 2023లో క్యోటో బహుమతి లభించాయి. 2017లో పారిస్‌లోని పాంపిడూ కేంద్రం ఆమె యాభై ఏళ్ల కృషిపై ప్రదర్శన నిర్వహించింది. అయితే బహుమతుల జాబితా విమర్శ కాదు. మనం వేయవలసిన ప్రశ్నలు వేరు.

మొదటి ప్రశ్న: ఇన్ని ఆధారాలు అవసరమా? ‘వానిష్డ్ బ్లడ్’ గదిలో ఫైజ్, మహాశ్వేతాదేవి, గ్రీకు పురాణం, యూరోపియన్ రచయితలు ఒకేసారి ఎదురవుతారు. వీరందరినీ చదివిన ప్రేక్షకుడు ఎంతమంది? చదవనివారికి తిరిగే రంగుల నీడలే మిగులుతాయి. చీర మడతతో పోల్చి చూడండి. అక్కడ అర్థం చేతుల కదలికలోనే ఉంది. ఇక్కడ అర్థంలో సగం గోడ పక్కన అతికించిన వివరణ కాగితంలో ఉంది. ఒక చర్య ఆధారంగా నిలిచినప్పుడు మలానీ కళ ఎంత బలమైనదో, ఉటంకింపులు పోగుపడినప్పుడు అంత బలహీనపడుతుందని నేను భావిస్తున్నాను.

దీనికి ప్రతివాదం కూడా ఉంది. హింసకు గురైన స్త్రీల కథ ఒక భాషలో, ఒక దేశంలో ముగిసేది కాదు. అనేక గొంతులు ఒకదానిపై ఒకటి పడటం, ఏదీ పూర్తిగా వినిపించకపోవడం కసాండ్రా అనుభవమే కదా అని వాదించవచ్చు. ఈ వాదనలో బలం ఉంది. కానీ వినిపించకపోవడాన్ని చూపడం వేరు, ప్రేక్షకుడు ఏమీ వినకుండా బయటికి వెళ్లడం వేరు. ఆ తేడాను కృతి ప్రతి క్షణం కాపాడుకోవాలి.

రెండవ ప్రశ్న: హింస ఇంత అందంగా ఉండవచ్చా? తిరిగే గొట్టాల గది చూడముచ్చటగా ఉంటుంది. అందం మనల్ని అక్కడ నిలబెట్టే మాట నిజమే. హింసను నేరుగా చూపితే మొహం తిప్పుకునేవారు కూడా నీడల దగ్గర ఆగుతారు. ఆగినవారి నీడ బొమ్మలో కలిసి, తామూ అందులో ఉన్నామని వారికి తెలిస్తే అందం తన పని చేసినట్లే. తెలియకపోతే అది అలంకారంగా మిగులుతుంది.

మూడవ ప్రశ్న: ఇవన్నీ ఎవరు చూస్తారు? ఇటీవలి సంవత్సరాలలో మలానీ ఐప్యాడ్ మీద వేలితో గీసిన చిన్న యానిమేషన్లను ఇన్‌స్టాగ్రామ్‌లో ఉంచుతున్నారు. 2018లో కఠువాలో ఎనిమిదేళ్ల బాలికపై జరిగిన ఘోరం ‘కెన్ యూ హియర్ మీ?’ అనే యానిమేషన్ల సమూహానికి ప్రేరణ. ఇవి ఫోను ఉన్న ఎవరికైనా అందుతాయి. అయితే ఫోనులో మన చుట్టూ గది లేదు, మన నీడ లేదు, వేలు కదిపితే బొమ్మ వెళ్లిపోతుంది. చట్రం తిరిగి వచ్చింది. ఎక్కువమందికి చేరడం, ప్రేక్షకుడిని లోపల నిలబెట్టడం అనే రెండు లక్ష్యాల మధ్య ఘర్షణ ఇంకా పరిష్కారం కాలేదు. ఈ యానిమేషన్లను అనేక ప్రొజెక్టర్లతో పెద్ద గదులలో కూడా చూపడాన్ని బట్టి ఈ ఘర్షణ ఆమెకూ తెలుసునని అనుకోవచ్చు.

మీ ప్రగతిని సరిచూసుకోండి – 2
చీర మడతపెట్టే దృశ్యం, తిరిగే మైలార్ గొట్టాలు – ఈ రెండింటిలో ప్రేక్షకుడి స్థానం ఎలా వేరుగా ఉందో తెలపండి.

7.7 చూడని కృతి గురించి రాయడం ఎలా?

మీలో చాలామంది ఈ గదులలో దేనిలోకీ అడుగుపెట్టి ఉండరు. ఛాయాచిత్రాలు, వీడియో ముక్కలు, వర్ణనలే మీకు ఆధారం. ఇది లోపమే, కానీ విమర్శకు పూర్తి అడ్డంకి కాదు. ఏ ఇన్‌స్టలేషన్ గురించి చదివినా నాలుగు ప్రశ్నలు వేసుకోండి. ప్రేక్షకుడు ఎక్కడ నిలబడతాడు? అతని శరీరం ఏం చేయవలసి వస్తుంది – వంగాలా, తిరగాలా, కూర్చోవాలా? ఎంతసేపు ఉండాలి? బయటికి వచ్చాక ఏ ఒక్క చర్య లేదా వస్తువు గుర్తుంటుంది? ఈ నాలుగింటికి సమాధానాలు దొరికితే కృతి స్వరూపం మీకు తెలిసినట్లే. ఆ తరువాతనే ‘ప్రయోగాత్మకం’, ‘అద్భుతం’ వంటి మాటలు రాయండి. చాలాసార్లు అప్పటికి ఆ మాటల అవసరం ఉండదు.

అన్నిటికన్నా ముఖ్యంగా, అర్థం కాలేదని చెప్పడానికి సంకోచించకండి. ఏది అర్థం కాలేదో, ఎందుకు కాలేదో స్పష్టంగా రాస్తే అది కూడా మంచి విమర్శే.

7.8 సారాంశం

నళినీ మలానీ చిత్రలేఖనం నుంచి గోడబొమ్మకు, అక్కడి నుంచి రంగస్థలానికి, వీడియో నాటకానికి వచ్చారు. ఈ ప్రయాణం పొడవునా బొమ్మకూ చూసేవారికీ మధ్య ఉన్న సురక్షితమైన దూరాన్ని తగ్గించడమే ఆమె ప్రయత్నం. ‘సిటీ ఆఫ్ డిజైర్స్’లో చెరపడం ద్వారా బొమ్మ సంఘటన అయింది. ‘రిమెంబరింగ్ టోబా టేక్ సింగ్’లో ప్రేక్షకుడు రెండు దేశాల నడుమ నేల మీద నిలబడ్డాడు. ‘ఇన్ సెర్చ్ ఆఫ్ వానిష్డ్ బ్లడ్’లో అతని నీడ బొమ్మలో కలిసింది. ఉటంకింపుల బరువు, దృశ్య సౌందర్యం ఈ ప్రయత్నానికి కొన్నిచోట్ల అడ్డు వస్తాయి. అయినా ఇద్దరు స్త్రీల చేతుల్లో మడత పడని ఆ చీర, మన కాలపు భారతీయ కళలో విభజన గురించి వచ్చిన అత్యంత సరళమైన, మరచిపోలేని రూపాలలో ఒకటి.

7.9 మాదిరి పరీక్షా ప్రశ్నలు

I. కింది ప్రశ్నలకు ముప్పై పంక్తులలో సమాధానాలు రాయండి.
1. మలానీ మాధ్యమం మార్చడానికి కారణాలను ఉదాహరణలతో చర్చించండి.
2. ‘రిమెంబరింగ్ టోబా టేక్ సింగ్’లో ప్రేక్షకుడే నటుడు అనే వాదనను సమర్థించండి లేదా ఖండించండి.

II. కింది ప్రశ్నలకు పది పంక్తులలో సమాధానాలు రాయండి.
1. ట్రంకు పెట్టె, చీర అనే వస్తువుల ప్రాధాన్యం ఏమిటి?
2. ఒక కృతిలో సాహిత్య ప్రస్తావనలు ఎక్కువైతే కలిగే లాభనష్టాలు తెలపండి.
3. గదిలో చూసే వీడియోకు, ఫోనులో చూసే వీడియోకు గల భేదాన్ని వివరించండి.